ఓడిపోయిన రాజధానిలో మూడు నడకలు

న్యూజెర్సీ నుంచి దక్షిణంగా కారెక్కిన తెలుగువాళ్ళు సాధారణంగా వాషింగ్టన్‌లో ఆగిపోతారు. వైట్‌హౌస్ కటకటాల ముందు ఫోటో దిగి, ఏదో ఒక బఫేలో భోంచేసి వెనక్కి తిరుగుతారు. ఇంకో రెండు గంటలు ఓపిక పడితే ఇంకో రాజధాని వస్తుంది. పేరు రిచ్‌మండ్. ఇప్పుడది వర్జీనియా రాష్ట్రానికి మాత్రమే రాజధాని. నూటయాభై ఏళ్ళ కింద అమెరికా రెండు ముక్కలై కొట్టుకున్న నాలుగేళ్ళూ, విడిపోయిన దక్షిణపు ముక్కకి రాజధాని. ఓడిపోయిన దేశాల రాజధానులు చూసే అవకాశం తరచుగా రాదు. పైగా హోటళ్ళు చవక.

2014 మే ఆఖరున, మెమోరియల్ డే సెలవుల్లో మేం నలుగురం వెళ్ళాం. నేను, నా భార్య లలిత, నా స్నేహితుడు మల్లేశం, వాళ్ళమ్మ రాజమ్మగారు. ఆవిడ హుజూరాబాద్ దగ్గర బడిలో హెడ్‌మిస్ట్రెస్‌గా రిటైరై, ఆ నెలలోనే రెండోసారి, ఆరు నెలలకని కొడుకు దగ్గరికి వచ్చారు. మల్లేశం భార్య సుజాత పిల్లల ఈత పోటీలని ఇంట్లోనే ఉండిపోయింది.

మల్లేశమూ నేనూ న్యూజెర్సీలోని పిస్కాటవేలో ఎమ్మెస్ చదివినప్పుడు ఒకే అపార్ట్‌మెంట్, ఒకే రైస్ కుక్కర్. నాది తెనాలి. అప్పట్లో మా మధ్య తేడా పప్పులో కారం ఎంత వెయ్యాలన్న దగ్గరే మొదలై అక్కడే అయిపోయేది. ఉద్యోగాలొచ్చాక ప్రతి మెమోరియల్ డేకీ కలిసి ఎక్కడికో ఒకచోటికి వెళ్తున్నాం.

ఈ ఏడు ఒక ఇబ్బంది వచ్చింది. మరో వారంలో మా రాష్ట్రం రెండు కాబోతోంది. అది చూసి మా ఊరి తెలుగు సంఘం కూడా రెండయ్యే ఆలోచనలో పడింది. సంఘానికి ఉన్న ఆస్తల్లా రెండు స్పీకర్లు, నాలుగు గుండిగలు, ఒక వినాయకుడు. అయినా పంపకమంటే పంపకమే. మంగళవారం మీటింగ్. మల్లేశం ఎటంటే తెలంగాణ కుటుంబాలన్నీ అటే. బయల్దేరే ముందు సంఘం అధ్యక్షులవారు నాకు ఫోన్ చేసి, "మూడు రోజులు ఒకే కారులో ఉంటారు. మీ మాట కాదనడు. ఎలాగైనా ఆపండి," అన్నారు. సరే అన్నాను.

నిజానికి సంఘం పోతుందని నాకు పెద్ద బెంగ లేదు. ప్రతి ఆదివారం పొద్దున లైబ్రరీ బేస్‌మెంట్‌లో మేమిద్దరం పిల్లలకి తెలుగు క్లాస్ చెప్తున్నాం, ఆరేళ్ళుగా. సంఘం రెండైతే ఆ క్లాసూ రెండవుతుంది. అప్పుడు మల్లేశం నాకు ఏ వారం కనిపిస్తాడు? బెంగ అదీ.

డెలావేర్ వంతెన దాటగానే లలిత రూల్ పెట్టింది. "కార్‌లో స్టేట్ మాట ఎత్తినవాళ్ళు నెక్స్ట్ గ్యాస్ స్టేషన్లో దిగిపోవాలి."

"మరేం మాట్లాడాలె బిడ్డా?" అన్నారు రాజమ్మగారు వెనక సీట్లోంచి. "వంటలు మాట్లాడినా అండ్లకే పోతది."

బాల్టిమోర్ దాకా ట్రాఫిక్ గురించి మాట్లాడుకున్నాం.

శనివారం: కాలువ గట్టు

మన దగ్గర గైడ్‌ని వదిలించుకోవడానికి డబ్బిస్తాం. ఇక్కడ వెంట నడవడానికి ఇస్తారు, మనిషికి పదిహేను డాలర్లు. మా గైడ్ పేరు డేల్. తెల్లాయన, డెబ్బై దాటి ఉంటాడు, గడ్డి టోపీ. ఇన్సూరెన్స్ కంపెనీలో రిటైరయ్యాడట. జరిగినవన్నీ తను అక్కడ నిలబడి చూసినట్టే చెప్తాడు. పైగా దక్షిణాది సైన్యాన్ని "మనవాళ్ళు" అంటాడు. గుంపులో హుజూరాబాద్ నుంచి దిగిన రాజమ్మగారు కూడా ఉన్నారన్న సంకోచం ఆయనకి లేదు.

జేమ్స్ నది పక్కన పాత కాలువ, దాని గట్టున నడక. యుద్ధం మూడో ఏడు ఈ వీధుల్లోనే ఆడవాళ్ళు రొట్టెల కోసం కొట్ల మీద పడ్డారని చెప్పాడు. రెండేళ్ళ తర్వాత ఉత్తరాది సైన్యం ఊరి పొలిమేరకి వచ్చింది. వెళ్ళిపోతున్న మనవాళ్ళు శత్రువుకి దక్కకూడదని పొగాకు గోదాములకి నిప్పు పెట్టారు. గాలి ఎవరి పక్షమూ కాదు కాబట్టి ఊరు కూడా అంటుకుంది. బ్యాంకులు, కొట్లు, ఇళ్ళు వరసగా పోయాయి. తెల్లారి ఊళ్ళోకి వచ్చిన శత్రువులు చేసిన మొదటి పని మంటలార్పడం.

"తన ఊరు తగలబెట్టుకుని శత్రువు చేత ఆర్పించుకున్న రాజధాని ఇదొక్కటే అనుకుంటాను," అన్నాడు డేల్. ఈ మాట ప్రతి శనివారం అంటాడని, ప్రతి శనివారం నవ్వుతారని ఆయన ముఖంలో తెలుస్తోంది. నవ్వాం.

అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. నాకు నోరు ఊరుకోదు. లలిత చెవి దగ్గరగా, అంటే మల్లేశానికి వినపడేంత దగ్గరగా, "విడిపోదామన్నవాళ్ళ గతి చూశావా?" అన్నాను. కార్‌లో కాదు కాబట్టి రూల్ వర్తించదనుకున్నాను. లలిత నా మోచెయ్యి గిల్లింది.

మల్లేశం డేల్ వైపు తిరిగి, వీళ్ళు అసలు ఎందుకు విడిపోయారని అడిగాడు. డేల్ పన్నుల గురించి చెప్పాడు, రాష్ట్రాల హక్కుల గురించి చెప్పాడు, ఉత్తరాది గర్వం గురించి చెప్పాడు. చెప్పి, "ఆ ఇంకో విషయం కూడా ఉందనుకోండి," అన్నాడు.

"ఏ విషయం?"

డేల్ టోపీ తీసి మళ్ళీ పెట్టుకున్నాడు. "బానిసలు, సర్."

మల్లేశం అప్పుడు నాతో తెలుగులో అన్నాడు. "విన్నవా ఆర్కే? మనుషుల్ని అమ్ముకునేటందుకు విడిపోయిన్రు వీళ్ళు. మేం నీళ్ళడిగినం, కొలువులడిగినం. తూకంరాయి మార్చకు భై."

తర్వాత నాలుగు గంటల్లో మల్లేశం నాతో మాట్లాడినవి నాలుగే మాటలు, నాలుగూ పార్కింగ్ మీటర్ గురించి.

విగ్రహాల వీధి, ఆకుకూర

సాయంత్రం ఒక పెద్ద వీధికి వెళ్ళాం. రెండు వైపులా చెట్లు, బంగళాలు, మధ్యలో గుర్రాల మీద దక్షిణాది జనరల్స్. ఓడిపోయినవాళ్ళకి ఇన్ని గుర్రాలు నేనెక్కడా చూడలేదు. రాజమ్మగారు కారు అద్దం దించి ఒక్కొక్కరినీ పలకరించినట్టు చూశారు.

"వీళ్ళు ఓడిపోయినోళ్ళేనా?"

"అవునమ్మా."

"మరి గెలిచినోళ్ళయి ఏడున్నయి?"

ఫోన్‌లో వెతికితే దూరం చాలా చూపించింది.

భోజనం దగ్గర చిన్న ప్రమాదం జరిగింది. వర్జీనియాలో గ్రిట్స్ అని పెడతారు. మొక్కజొన్న రవ్వ ఉడకబెట్టి వెన్న వేస్తారు. తాలింపు వెయ్యడం మర్చిపోయిన ఉప్మా అనుకుంటే తినొచ్చు. దాంతోపాటు ముదురాకుపచ్చ ఆకుకూర వచ్చింది. రాజమ్మగారికి శనివారం ఒక్కపొద్దు, నీచు ముట్టరు. ఆకుకూర చూసి ఆవిడ ప్రాణం లేచొచ్చింది. "గోంగూర చుట్టం లెక్కున్నది," అని రెండు గరిటెలు తిన్నారు. అప్పుడు లలితకి అనుమానమొచ్చి, ఇందులో మాంసం ఏమైనా ఉందా అని వడ్డించే అమ్మాయిని అడిగింది.

"అయ్యో, లేదు మేడమ్," అందా అమ్మాయి నమ్మకంగా. "రుచికి కొంచెం పంది ముక్క, అంతే."

రాజమ్మగారు చెంచా కింద పెట్టారు.

"ఎంకటేశ్వరస్వామికి తెల్వదు ఇందుల ఏమున్నదో. నాకూ తెల్వదాయె. తెల్వనోళ్ళమే ఇద్దరం," అన్నారు. మల్లేశం నవ్వాడు. నేనూ నవ్వాను. నా నవ్వు చూసి అతను తన నవ్వు ఆపేశాడు.

ఆదివారం: నది అవతలి దారి

రెండో నడకకి టికెట్ లేదు, తోచింది డబ్బాలో వెయ్యమన్నారు. గైడ్ మిస్ కోరా. నల్లజాతి ఆవిడ, రిటైరైన టీచర్. ఆవిడా రాజమ్మగారూ ఒకరినొకరు చూసుకున్న క్షణంలోనే కలిసిపోయారు. బడిలో ముప్పై ఏళ్ళు నిలబడ్డవాళ్ళకి ఒకే రకం నడుంనొప్పి ఉంటుందట. మల్లేశం మధ్యలో ఉండి ఆ నొప్పులని అటూ ఇటూ అనువదించాడు.

నదికి దక్షిణపు ఒడ్డున పాత రేవు దగ్గర మొదలుపెట్టాం. యుద్ధానికి ముందు, అమ్మకానికి తెచ్చిన మనుషులని ఇక్కడ దింపి, ఈ చెట్ల మధ్య దారినే ఊళ్ళోకి నడిపించేవారు. ఊరివాళ్ళ కంట పడకుండా రాత్రిపూట తెచ్చేవారట. మిస్ కోరా మమ్మల్ని వరసగా నిలబెట్టి, ముందున్న మనిషి భుజం మీద చెయ్యి వేసి, మాట్లాడకుండా నడవమంది. నా భుజం మీద రాజమ్మగారి చెయ్యి పడింది. నా చెయ్యి మల్లేశం భుజం మీద. ముందు రోజు కాలువ గట్టు నుంచి ఆ భుజం నాకు దూరంగానే ఉంది. పావుగంట సేపు వినపడిందల్లా నది చప్పుడు, రాజమ్మగారి చెప్పుల చప్పుడు.

వంతెన దాటి ఊళ్ళోకి వస్తే పల్లంలో పాత పేట. వేలం గదులుండేవని చెప్పినచోట ఇప్పుడు బార్లు, లాఫ్ట్ అపార్ట్‌మెంట్లు ఉన్నాయి. అమ్మేదాకా మనుషులని దాచిన జైలు, రైల్వే స్టేషన్ పక్కన నేల కింద ఉంది. తవ్వి చూసి, నీళ్ళూరుతున్నాయని మళ్ళీ కప్పారట. దానికవతల హైవే పక్కనే గడ్డి మైదానం. అది బానిసల శ్మశానం. కొన్నేళ్ళ కిందటి దాకా దాని మీద పార్కింగ్ లాట్ ఉండేదని, జనం రోజూ కార్లు పెట్టుకుని ఆఫీసులకి వెళ్ళేవారని మిస్ కోరా చెప్పింది. గొంతు పెంచలేదు.

రాజమ్మగారు మల్లేశం చేత అడిగించారు. "ఇట్ల జేస్తే మీరెవ్వరడగలేదా?"

"అడుగుతూనే ఉన్నాం," అంది మిస్ కోరా. "ఈ ఏడు కాదు, వచ్చే ఏడు చూద్దాం అన్నారు. ఇప్పుడు టైం లేదన్నారు. అయినా అడగడం మానలేదు."

మల్లేశం అది తెలుగులో చెప్పగానే రాజమ్మగారు నవ్వారు. "టైం లేదన్నరా?" అని, తల తిప్పి నా వైపు చూశారు. ఎందుకు చూశారో నాకు అర్థం కాలేదు. మల్లేశానికి అర్థమైనట్టుంది. "అమ్మా, గదిప్పుడెందుకే?" అన్నాడు.

"టీచరమ్మ చెప్తలేదా, అడుగుతనే ఉండాలెనని?"

బెంచీ మీద

గుంపు ముందుకి వెళ్ళింది. మేం నలుగురం బెంచీ మీద కూర్చున్నాం. రాజమ్మగారు చెప్పినదాన్ని నేను తగ్గించకుండా రాస్తాను.

రెండేళ్ళ కింద ఆవిడ మొదటిసారి వచ్చినప్పుడు మా సంఘం దసరా వేడుక జరిగింది. బతుకమ్మకని ఆవిడా ఇంకో ఆరుగురు ఆడవాళ్ళూ రెండు రోజులు పూలు వెతికారు. న్యూజెర్సీలో తంగేడు లేదు. రోడ్ల పక్కన పసుప్పచ్చగా పూసే ఒక పిచ్చిమొక్క ఉంటే, దాన్ని తంగేడనుకుని కోశారు. బంతిపూలు తోటసామాన్ల కొట్లో కుండీలతో సహా కొన్నారు. ఏడంతరాల బతుకమ్మని పేర్చి, ఒళ్ళో పెట్టుకుని హాల్‌కి తెచ్చారు. ప్రోగ్రాం షీట్లో బతుకమ్మ ఆఖరి ఐటమ్. పక్కన బ్రాకెట్లో "సమయాన్ని బట్టి" అని ఉంది. ఆ షీట్ టైప్ చేసింది నేను.

పిల్లల డాన్సులకి వన్స్ మోర్‌లు పడ్డాయి. లక్కీ డ్రా లాగింది. ఆరింటికి హాల్ ఖాళీ చెయ్యాలి. అప్పుడు ఒక మనిషి మైక్ తీసుకుని, "సమయాభావం వల్ల బతుకమ్మని బయట పార్కింగ్‌లో ఆడుకోవలసిందిగా అక్కచెల్లెళ్ళకు మనవి," అన్నాడు. జనం చప్పట్లు కొట్టారు. ఆ మనిషీ నేనే.

"రెండు మినీవ్యాన్ల నడుమ ఆడినం బిడ్డా," అన్నారు రాజమ్మగారు. "ఒకాయనకు కార్ తీసుడు తొందరుండె. హారన్ గొట్టిండు. బతుకమ్మను లేపి ఇవతల పెట్టుకున్నం. ఆయన పోయిండు. మల్ల అవతల పెట్టినం."

ఆవిడ గొంతులో కోపం లేదు. బడిలో జరిగిన సంగతి ఇన్‌స్పెక్టర్‌కి చెప్పినట్టు చెప్పారు. మల్లేశం హైవే వైపు చూస్తున్నాడు.

"ఇక్కడి దానికి, దానికి పోలిక లేదు," అన్నాడు అటే చూస్తూ. "అమ్మ గూడ పోలుస్తలేదు. యాదికొచ్చి చెప్పింది."

నేను ఆ చప్పట్లు గుర్తు చేసుకోడానికి ప్రయత్నించాను. గుర్తొచ్చాయి. హాల్ టైంకి ఖాళీ చేయించానని ఆ రోజు అధ్యక్షులవారు నా భుజం తట్టారు. తొమ్మిదేళ్ళుగా 'మనమంతా ఒకటే' అని స్టేజీ మీద నేనే చెప్తున్నాను. షీట్ కూడా నేనే టైప్ చేస్తున్నాను. ఈ రెండు సంగతులని పక్కపక్కన పెట్టి చూడాలని నాకెప్పుడూ తోచలేదు.

లలిత నన్ను గిల్లలేదు. అది ఇంకా కష్టంగా ఉంది.

సోమవారం: దీవి

మెమోరియల్ డే అంటే మాకు మాల్ సేల్, బార్బిక్యూ. ఈ యుద్ధంలో పోయినవాళ్ళ సమాధుల మీద పూలు పెట్టడంతో మొదలైన రోజని డేల్ చెప్తేగానీ తెలియలేదు. అవును, మళ్ళీ డేలే. మూడో నడక కూడా ఆయనదే. నది మధ్య ఒక దీవి. అక్కడ పట్టుబడ్డ ఉత్తరాది సైనికులని గుడారాల్లో, చలికాలంలో కూడా, ఉంచేవారు. చాలామంది ఆకలికి, రోగాలకి పోయారు. ఇప్పుడక్కడ సైకిళ్ళు తొక్కేవాళ్ళు, బండల మీద ఎండ కాచుకునేవాళ్ళు, వాళ్ళ కుక్కలు. చచ్చిపోయిన చోట్లని జనం ఎంత త్వరగా పిక్నిక్ చేసుకుంటారో చెప్పడానికి అమెరికా దాకా రానక్కర్లేదనుకోండి.

డేల్ ఆ రోజు జోకులు వెయ్యలేదు. పచ్చగడ్డి ముందు నిలబడి టోపీ తీశాడు. తన ముత్తాత తండ్రి ఇక్కడ కాపలా సిపాయి అని చెప్పాడు.

"వాళ్ళు ఆకలితో ఉన్నారు. మేమూ ఆకలితోనే ఉన్నాం అని మా ఇంట్లో ఎప్పుడూ చెప్పుకునేవాళ్ళం. నిజమే. కానీ తుపాకీ మా చేతిలో ఉంది." టోపీ పెట్టుకున్నాడు. "ఈ ఆఖరి వాక్యం మా ఇంట్లో ఎవరూ చెప్పేవారు కాదు. నేను రిటైరయ్యాక చెప్పడం మొదలుపెట్టాను."

దీవి నుంచి ఒడ్డుకి నడక వంతెన ఉంది. పైన హైవే వంతెన, దాని పొట్టకి ఉయ్యాలలా కట్టిన సిమెంటు దారి. మీద కార్లు, కింద నది. ఎవరైనా పరిగెత్తుతూ పోతే కాళ్ళ కింద వణుకుతుంది. రాజమ్మగారూ లలితా ముందు వెళ్ళారు. మల్లేశం మధ్యలో ఆగి కింద బండలు చూస్తున్నాడు. పక్కన నిలబడ్డాను.

"మల్లేశ్, ఒకటడగాలి."

"అడుగు. న్యూజెర్సీల బయల్దేరినకాడి నుంచి సూస్తున్న, ఎప్పుడడుగుతవా అని."

"నీకు తెలుసా?"

"ప్రెసిడెంట్ సారు నీకు ఫోన్ జేసిన సంగతి నాకు సుజాత చెప్పింది. సుజాతకు లలితమ్మ చెప్పింది. గదేమన్న స్టేట్ సీక్రెటా?"

"ఉండిపొమ్మని అడగమన్నారు."

"పోతున్నం, ఆర్కే." మెల్లగానే అన్నాడు. "కోపంతోని గాదు. మా పండుగ మొదటి ఐటమ్ గావాలంటే మాకో ప్రోగ్రాం షీట్ ఉండాలె. గంతే."

"మరి క్లాస్?"

"క్లాస్‌కు సంఘమెందుకు? లైబ్రరీ కార్డ్ సాలు."

"రెండు రాష్ట్రాల పిల్లలకి ఒకే క్లాస్ అంటే మీవాళ్ళు ఒప్పుకుంటారా?"

"పిల్లలదెప్పుడూ న్యూజెర్సీ రాష్ట్రమే గద భై. పొమ్మన్నా పోరు." నవ్వాడు. మళ్ళీ నది వైపు చూశాడు. "ఒక్కదానికే మంచిగనిపిస్తలేదు నాకు. ఎవరో అడగమంటే అడిగినవ్. నీకు నువ్వు అడిగితె బాగుండు."

ఇద్దరు కుర్రాళ్ళు పరిగెత్తుకుంటూ పోయారు. వంతెన కొంచెం వణికింది. ఆదివారం ఎన్నింటికి వస్తావని అడిగాను. ఎప్పటిలాగే తొమ్మిదిన్నరకని చెప్పాడు.

అక్కడి నుంచే అధ్యక్షులవారికి ఫోన్ చేశాను. "అడిగానండీ. వెళ్తున్నారు."

"మీ మాట కూడా వినలేదా?"

"విన్నాడండీ. విని, కాదన్నాడు." పైన లారీ పోతున్న చప్పుడుకి ఆయనన్న తర్వాతి మాట వినపడలేదు. మళ్ళీ అడగలేదు.

ఒడ్డున రాజమ్మగారు బండ మీద కూర్చుని, ఎవరో అమ్ముతున్న ఉడకబెట్టిన పల్లికాయ ఒలుస్తున్నారు. వర్జీనియాలో నాకు తాలింపు గుర్తురాని ఒకే ఒక్క తిండి అది. పక్కన కూర్చున్నాను. ఇంగ్లీషులో అయితే సారీ అని తేలిగ్గా అనొచ్చు. రోజుకి పదిసార్లు అంటాం, డోర్ దగ్గర ఎవరికైనా తగిలితే కూడా. తెలుగులో ఆ మాట మా అమ్మకి తప్ప ఇంకెవరికీ చెప్పిన జ్ఞాపకం లేదు.

"ఆ రోజు తప్పు చేశానమ్మా. మైక్ నా చేతిలోనే ఉంది," అన్నాను.

"ఎరుకే బిడ్డా," అన్నారావిడ, నా దోసిట్లో నాలుగు పల్లికాయలు పోస్తూ. "గొంతు గూడ మంచిగుండె."

నేను తలదించుకుని ఒలుచుకున్నాను. ఆవిడే మళ్ళీ అన్నారు.

"అక్టోబర్ల మాది మేం ఆడుకుంటం. నువ్వు రావాలె."

"పిలిస్తే తప్పకుండా వస్తానమ్మా."

"పిలుసుడేంది? తొమ్మిదొద్దులు పూలెవరు తేవాలె? ఆ రోడ్ల పక్క పచ్చపూలు నా కొడుకుకు పడయి, ఊకె తుమ్ముతడు. నువ్వే తేవాలె."